ఆ ముసలి తండ్రీ, ఆ క్షురకుడూ, ఆ దర్శకుడూ ఒక్కరే: షి హుయి సినీ జీవితం

ప్రశ్న: 1940లు, 50ల నాటి చైనా సినిమాలు వరుసగా చూస్తున్నాను. షి హుయి అనే పేరు ఒక సినిమాలో ముసలి తండ్రి పాత్రకు, మరొకదానిలో యువ క్షురకుడి పాత్రకు కనిపించింది. ఇంకొన్నిటిలో దర్శకుడి పేరూ అదే. వీళ్లంతా ఒకే మనిషా? 1957 తర్వాత ఆ పేరు ఎక్కడా ఎందుకు లేదు? ఆయన సినిమాలు ఏ క్రమంలో చూస్తే మంచిది?

సమాధానం:

ఒకే మనిషి. మీకు అనుమానం రావడం సహజమే. మీరు చూసిన ముసలి తండ్రి 'తైతై వాన్సుయి'లో (ఇల్లాలు వర్ధిల్లాలి) ఉన్నాడు, క్షురకుడు 'జియా ఫెంగ్ షు హువాంగ్'లో (నకిలీ జంట) ఉన్నాడు. రెండూ 1947లోనే వచ్చాయి. అప్పటికి షి హుయి వయసు ముప్పై రెండు. నేను చాలాకాలంగా ఫిల్మ్ సొసైటీ ప్రదర్శనల కోసం ఈ కాలపు షాంఘై సినిమాలను ఎంపిక చేస్తూ, వాటి గురించి మాట్లాడుతూ వస్తున్నాను. ఆ తరం చైనా నటుల్లో ఒక్కరినే ఎంచుకోమంటే తడుముకోకుండా ఈయన పేరే చెబుతాను. అందుకే సమాధానం కాస్త పొడవుగా ఉంటుంది.

షి హుయి 1915లో తియన్‌జిన్ దగ్గరి యాంగ్‌లియుచింగ్‌లో పుట్టారు. అసలు పేరు షి యూతావ్. పసితనంలోనే కుటుంబం బీజింగ్ చేరింది. ఇంట్లో డబ్బు లేదు, చదువు మధ్యలోనే ఆగిపోయింది. పదిహేనేళ్ల ప్రాయం నుంచి దొరికిన పనల్లా చేశారు. రైల్లో ప్రయాణికులకు సేవలందించే ఉద్యోగం, పళ్ల వైద్యుడి దగ్గర సహాయకుడి పని, ఇలా చిన్నచిన్న కొలువులు. తర్వాత నాటక సమాజంలో చేరారు. ఆ రోజుల్లో అక్కడ నటన పెద్ద కళాసాధనేమీ కాదు, పూటగడవడానికి ఒక దారి. ఈ నేపథ్యాన్ని ముందుగా చెప్పడానికి కారణం ఉంది. తెర మీద ఆయన వేసిన పాత్రల్లో ఎక్కువమంది జీతం కోసం పనిచేసేవాళ్లే: క్షురకుడు, బడిపంతులు, పోలీసు, సైనికుడు. పనిచేసే మనిషి ఒళ్లు ఎలా వంగుతుందో, పై అధికారి ఎదుట చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక ఎలా తడబడతాయో ఆయన పుస్తకాల్లో చదివి నేర్చుకోలేదు.

1940లో ఆయన షాంఘై వెళ్లారు. మరుసటి ఏడాది డిసెంబరులో పసిఫిక్ యుద్ధం మొదలై, విదేశీయుల పాలనలో ఉన్న షాంఘై భాగాలు కూడా జపాన్ సైన్యం చేతికి వచ్చాయి. సినిమా పరిశ్రమను జపాన్ అదుపులోకి తీసుకుంది. అమెరికన్ చిత్రాలకు దారి మూసుకుపోయింది. జపాన్ అదుపులోని సినిమాల్లో పనిచేయడం ఇష్టంలేని కళాకారులు నాటకం వైపు మళ్లారు, ప్రేక్షకులు కూడా వాళ్ల వెంటే వచ్చారు. ఆక్రమణలో ఉన్న నగరంలో నాటకం అంతగా వెలగడం విచిత్రంగా అనిపిస్తుంది గానీ, షాంఘై రంగస్థలానికి అవే మహర్దశ రోజులు.

ఆ రంగస్థలం మీద ఆయన్ను తీర్చిదిద్దిన దర్శకుడు హువాంగ్ జువోలిన్. ఇంగ్లండులో నాటకకళ చదువుకుని వచ్చిన మనిషి. పద్ధతి ప్రకారం సాధన, పాత్ర విశ్లేషణ, రిహార్సల్ క్రమశిక్షణ ఆయన దగ్గర ఉండేవి. షి హుయి దగ్గర జీవితానుభవం ఉంది, మనుషులను పరిశీలించే కన్ను ఉంది. ఇద్దరూ కలిసిన తర్వాత వచ్చిన నాటకాల్లో ఒకటి 'దా మాషిత్వాన్' (పెద్ద సర్కస్). రష్యన్ రచయిత ఆంద్రేయెవ్ నాటకానికి చైనా అనుసరణ అది. అందులో సర్కస్‌ను పట్టుకుని బతికే పతనమైన ముసలివాడి పాత్ర షి హుయిది. రోజుకు రెండేసి ఆటలు ఆడారు. ఆ రోజుల్లోనే పత్రికలు ఆయనను 'నాటక చక్రవర్తి' అని పిలవడం మొదలుపెట్టాయి. అప్పటికి ఆయనకు ముప్పై ఏళ్లు కూడా నిండలేదు.

1942 చివర్లో 'చియు హాయ్‌తాంగ్' నాటకం వచ్చింది. మన స్థానం నరసింహారావు గారిలా స్త్రీ పాత్రలు ధరించే ఒక నటుడి కథ ఇది. ఆ నటుడు ఒక సైన్యాధిపతి ఉంపుడుగత్తెను ప్రేమిస్తాడు. కోపంతో ఆ సైన్యాధిపతి అతని ముఖం కత్తితో చెక్కించేస్తాడు. ముఖమే జీవనాధారమైన కళాకారుడు ఆ ముఖం పోగొట్టుకుని, చివరికి అదే రంగస్థలం మీద పిల్లిమొగ్గలు వేసే కూలి వేషగాడిగా మిగులుతాడు. ఆ నాటకం నెలల తరబడి ఆడింది. ఆక్రమణలో నలిగిపోతున్న నగరానికి ఆ కథలో తన ముఖం కనిపించి ఉంటుందని నా అభిప్రాయం. రంగస్థలం మీద షి హుయి చేసింది మనం ఇప్పుడు చూడలేం. ఆ లోటు నన్ను ఎప్పుడూ బాధిస్తుంది. కానీ తర్వాతి సినిమాల్లో దాని జాడలు స్పష్టంగా ఉన్నాయి.

సినిమాల్లో ఆయన 1941లోనే కనిపించినా, అసలు సినీ జీవితం యుద్ధం ముగిశాక మొదలైంది. వూ షింగ్‌జాయ్ అనే వ్యాపారి 1946లో వెన్‌హువా అనే చిత్ర సంస్థ స్థాపించారు. అది పెద్ద సంస్థ కాదు, కానీ హువాంగ్ జువోలిన్, సాంగ్ హు, ఫెయి ము వంటి దర్శకులు అక్కడ చేరారు. రచయిత్రి జాంగ్ ఆయ్‌లింగ్ వాళ్లకు స్క్రిప్టులు రాశారు. నాటకాల్లో ఆరితేరిన నటీనటులు కెమెరా ముందుకు వచ్చారు. మీరు ప్రస్తావించిన 'ఇల్లాలు వర్ధిల్లాలి' జాంగ్ ఆయ్‌లింగ్ రాసి, సాంగ్ హు దర్శకత్వం వహించిన సినిమా. అందులో షి హుయి కథానాయిక తండ్రి. అల్లుడి చేష్టల గురించి విని, నిలదీద్దామని ఉగ్రంగా బయలుదేరి, తీరా వెళ్లాక ఆడవాళ్ల తీపి మాటలకు తానే మెత్తబడిపోయే పెద్దమనిషి. చిన్న పాత్రే. అయినా ఆ మెత్తబడే క్షణంలో ఆయన కళ్లను, మెడ కదలికను ఒకసారి వెనక్కి తిప్పి చూడండి. కోపం ఒక్కసారిగా మాయం కాదు, విడతలు విడతలుగా కరుగుతుంది.

'నకిలీ జంట' దర్శకుడు హువాంగ్ జువోలిన్, రచన సాంగ్ హు. కథానాయిక లీ లీహువా. బాగా డబ్బున్న స్త్రీనని పత్రికలో పెళ్లి ప్రకటన ఇచ్చిన పేద వితంతువు ఒకవైపు, పెద్ద కంపెనీ మేనేజరునని చెప్పుకుంటూ వచ్చిన క్షురకుడు మరోవైపు. ఇద్దరూ ఒకరినొకరు మోసం చేస్తున్నారు, ఇద్దరూ దారిద్ర్యం నుంచి బయటపడాలనే చూస్తున్నారు. కోటు వేసుకుని మేనేజరులా నడుస్తున్నా, ఆ మనిషి చేతులు మాత్రం తన వృత్తిని మరచిపోలేవు. నవ్వంతా అక్కడే పుడుతుంది. షాంఘై క్షురకులకు మాత్రం అది నవ్వులాటగా తోచలేదు. తమ వృత్తిని అవమానించారంటూ 1947 జూలైలో ముందస్తు ప్రదర్శన జరగాల్సిన థియేటరును అడ్డగించారు. చివరికి కొన్ని సన్నివేశాలు తీసేసి రాజీపడ్డారు. నా దృష్టిలో ఆ సినిమా క్షురకుడిని ఎగతాళి చేయదు, మేనేజరులా కనబడాలనే ఆశనే ఎగతాళి చేస్తుంది. కానీ తమ పనిని అంత దగ్గరగా పట్టుకున్న నటనను చూసి ఆ వృత్తివాళ్లు ఉలిక్కిపడటం కూడా నాకు అర్థమవుతుంది.

వెన్‌హువాలో ఆయన చేసినవన్నీ చెప్పను. గోర్కీ 'అధోజగత్తు' నాటకానికి అనుసరణగా వచ్చిన 'యెదియన్', నాటకకర్త సావో యూ తీసిన 'యాన్‌యాంగ్ తియన్' కూడా ఉన్నాయి, దొరికితే చూడండి. నేను ఆగాలనుకునేది 1949లో వచ్చిన 'ఆయి లె జోంగ్‌నియన్' (నడివయసు సుఖదుఃఖాలు) దగ్గర. భార్య చనిపోయాక పిల్లలను ఒంటరిగా పెంచిన ప్రాథమిక పాఠశాల ప్రధానోపాధ్యాయుడి పాత్ర షి హుయిది. కొడుకు పెద్దవాడై హోదా సంపాదిస్తాడు. తండ్రి ఇంకా బడిలో పనిచేయడం అతనికి చిన్నతనంగా ఉంటుంది. పని మాన్పించి ఇంట్లో కూర్చోబెడతాడు. చివరికి పుట్టినరోజు కానుకగా తండ్రికి సమాధి స్థలం కొనిపెడతాడు! ఆ తండ్రి కుంగిపోడు. తన దగ్గర చదువుకుని టీచరైన అమ్మాయిని పెళ్లి చేసుకుంటాడు, ఆ సమాధి స్థలంలోనే బడి తెరుస్తాడు. షాంఘైలో ప్రభుత్వం మారుతున్న రోజుల్లో వచ్చిన సినిమా ఇది. ఇందులో విప్లవమూ లేదు, నినాదమూ లేదు. గౌరవంగా పక్కకు తప్పించబడిన ఒక మనిషి, తనకింకా పని ఉందని నిరూపించుకోవడం ఒక్కటే ఉంది. ఇంటి పెద్దను ప్రేమ పేరుతో మూలన కూర్చోబెట్టే కుటుంబాలు మనకు తెలియనివి కావు కాబట్టి, మా ప్రదర్శనల్లో ఈ సినిమా అయ్యాక జనం లేవకుండా మాట్లాడుకుంటూ కూర్చుంటారు.

ఇక 1950. 'వో జె యీబెయిజ' (నా ఈ బతుకు). దర్శకుడూ ఆయనే, ప్రధాన నటుడూ ఆయనే. రచయిత లావో షె 1937లో రాసిన నవలిక ఆధారం. బీజింగ్ వీధుల్లో గస్తీ తిరిగే ఒక మామూలు పోలీసు, చింగ్ రాజవంశపు చివరి రోజుల నుంచి 1949 దాకా ప్రభుత్వాల మీద ప్రభుత్వాలు మారడం చూస్తాడు. జెండాలు మారతాయి, యూనిఫాం మారుతుంది, అతని జీతం మాత్రం బతకడానికి చాలదు. ఒక పెద్ద అధికారి ఇంటి ముందు కాపలా కాస్తాడు. ఆ అధికారి దేశాన్ని అమ్ముతున్నాడని 1919లో విద్యార్థులు వచ్చి తలుపులు బద్దలు కొడుతుంటే, ఎవరి పక్షాన నిలవాలో తెలియక నిలబడిపోతాడు. జపాన్ వాళ్లు వస్తారు. కాబోయే కోడలిని ఎత్తుకుపోతారు. కొడుకు కమ్యూనిస్టు సైన్యం వైపు వెళ్లిపోతాడు. యుద్ధం ముగిసి, కమ్యూనిస్టులకు శత్రువైన జాతీయవాద చైనా ప్రభుత్వం తిరిగి వచ్చాక, ఆ కొడుకు కారణంగానే ముసలి తండ్రిని జైల్లో పెట్టి హింసిస్తారు. చివరికి ఆ మనిషి చలిలో వీధి పక్కన ప్రాణం విడుస్తాడు.

లావో షె నవలిక 1949 దాకా రాదు, రాలేదు కూడా. కొడుకు విప్లవంలో చేరడం, విజయపు జెండాలు సినిమా కోసం జోడించినవి. కొందరు విమర్శకులు దీన్ని లోపంగా చూస్తారు. నాకు ఆ జోడింపు కంటే దాని పక్కనే షి హుయి నిలబెట్టిన మరణం ముఖ్యంగా కనిపిస్తుంది. కమ్యూనిస్టుల కొత్త రాజ్యం పుట్టిన మరుసటి ఏడాదే తీసిన సినిమాలో కథానాయకుడు ఆ కొత్త రాజ్యాన్ని చూడకుండానే పోతాడు. ఆయన దాన్ని తీపి చేసి చూపలేదు.

నటన సంగతికి వస్తే, ఈ సినిమాలో ఆయన ఒక్కరే సుమారు నలభై ఏళ్ల వయోభేదం మోస్తారు. మేకప్‌ను చూడకండి, భుజాలను చూడండి. కొత్తగా యూనిఫాం తొడుక్కున్న రోజు ఛాతీ ముందుకు ఉంటుంది. ప్రతి పాలన మారినప్పుడూ ఆ ఛాతీ కొంచెం లోపలికి పోతుంది. బీజింగ్ వీధుల యాస ఆయన నోట్లో సహజంగా పలుకుతుంది. తాను పెరిగిన ఊరి మాట అది. దర్శకుడిగానూ ఆయన తన మీద తాను దగ్గర షాట్లు గుమ్మరించుకోలేదు. పాత్రను చాలాచోట్ల గుంపులో, సందులో, ఎవరి వెనకో ఉంచారు. నటుడే దర్శకుడైనప్పుడు ఇది అరుదుగా కనిపించే నిగ్రహం.

ఆ వెంటనే చిక్కులు మొదలయ్యాయి. 1951లో ఆయన తీసి నటించిన 'గువాన్ లియన్‌జాంగ్' (కంపెనీ కమాండర్ గువాన్) చూడండి. షాన్‌డాంగ్ యాసలో మాట్లాడే, పెద్ద చదువు లేని రైతుబిడ్డ ఆ కమాండర్. శత్రువు స్థావరంగా మార్చుకున్న భవనంలో అనాథ పిల్లలు ఉన్నారని దాడికి ముందు తెలుస్తుంది. ఫిరంగులు వాడితే విజయం సులభం, కానీ పిల్లలు చచ్చిపోతారు. ఆయన ఫిరంగులు వాడవద్దని నిర్ణయించి, తన వాళ్లతో దగ్గరికి చొరబడి పోరాడి, తాను ప్రాణాలు కోల్పోతాడు. దీనికంటే ప్రశంసాపూర్వకంగా ఒక సైనికుడిని ఎలా చూపాలి? కానీ అదే ఏడాది మే నెలలో 'వూ షున్ జీవితం' సినిమా మీద ప్రభుత్వ పత్రిక తీవ్ర విమర్శ ప్రచురించడంతో సినిమా రంగమంతా వణికిపోయింది. ఆ గాలిలో గువాన్ సినిమా మీద కూడా దాడి జరిగింది. సైనికుడిని మొరటుగా, నవ్వు పుట్టించేలా చూపారని, వర్గ దృక్పథం స్థానంలో ఉత్త మానవతావాదం పెట్టారని నింద. ఆయన నటించిన 'ఫూషి' అనే మరో సినిమా కూడా గూఢచారి పట్ల సానుభూతి కలిగిస్తుందనే కారణంతో తెర నుంచి తప్పుకుంది.

మీరు ఆయన జీవితం గురించి ఏది చదివినా 1957 దగ్గరే ఎక్కువ ఆగుతారు. నాకు మలుపు 1951లోనే కనిపిస్తుంది. షి హుయి ప్రతిభ అంతా మనిషిలోని చిన్నతనాన్ని, భయాన్ని, తడబాటును చూపిస్తూనే ఆ మనిషి పట్ల గౌరవం పుట్టించడంలో ఉంది. కొత్త సినిమా కోరింది భయం లేని వీరుడిని. గువాన్ ధైర్యవంతుడే, కానీ అక్షరాలు రాక అవస్థపడే మనిషి కూడా. ఆ రెండో సగం ఉండకూడదని ఆయనకు చెప్పారు. అది లేకుండా ఎలా నటించాలో షి హుయికి తెలియదు, అది ఆయన కళలో లోపం కాదు. 1952లో వెన్‌హువాతో సహా ప్రైవేటు సంస్థలన్నీ ప్రభుత్వ స్టూడియోలో కలిసిపోయాయి. ఆ తర్వాత నటుడిగా ఆయనకు వచ్చిన పాత్రలు కొద్ది. దేశంలోని అత్యుత్తమ నటుడు ముప్పై ఏడేళ్ల వయసులో కెమెరా వెనక్కి వెళ్లాల్సి వచ్చింది.

కెమెరా వెనుక కూడా ఆయన చిన్న పని చేయలేదు. 1954లో 'జీమావ్ షిన్' (ఈకల ఉత్తరం) తీశారు. గొర్రెలు కాసే పన్నెండేళ్ల కుర్రాడు అత్యవసరమైన రహస్య ఉత్తరాన్ని జపాన్ సైనికుల మధ్య నుంచి దాటించాలి. దాన్ని గొర్రె తోక కింద దాచిపెడతాడు. ఇక్కడా అదే షి హుయి. ఆ పిల్లవాడు భయపడతాడు, అలసిపోతాడు, పొరపాట్లు చేస్తాడు, అందుకే మనం ఊపిరి బిగపట్టి చూస్తాం. 1955లో ఎడిన్‌బరో చిత్రోత్సవంలో దీనికి బహుమతి వచ్చింది.

1955లోనే 'తియన్‌షియన్ పెయి' (దేవకన్య పెళ్లి). అన్‌హుయి ప్రాంతపు హువాంగ్‌మెయి సంగీత నాటకానికి తెర రూపం. తండ్రి అంత్యక్రియల కోసం తనను తాను మూడేళ్ల కూలికి అమ్ముకున్న యువకుడిని ఏడో దేవకన్య ప్రేమిస్తుంది, ఒక చెట్టు మాట్లాడి పెళ్లిపెద్దగా వ్యవహరిస్తుంది, అక్కచెల్లెళ్లు దిగివచ్చి ఒక్క రాత్రిలో పట్టు నేసి ఆ మూడేళ్ల వెట్టిని వంద రోజులకు తగ్గిస్తారు. యాన్ ఫెంగ్‌యింగ్, వాంగ్ షావోఫాంగ్ రంగస్థలం మీద ఎంతోకాలంగా పాడుతున్న పాత్రలే. రంగస్థలం మీద మేఘం ఉన్నట్టు నటిస్తే చాలు, సినిమాలో మేఘం కనపడాలి. కానీ మరీ నిజమైన లోకం చూపిస్తే పాట పాడే మనిషి అసహజంగా కనిపిస్తాడు. షి హుయి ఈ రెంటి మధ్య దారి వెతికారు. స్టూడియోలో కట్టిన మృదువైన లోకంలో, పాట మాట నుంచే మొలిచినట్టు ఉంటుంది. మన పౌరాణిక చిత్రాలు చూసి పెరిగిన ప్రేక్షకులకు ఈ సినిమాలో ప్రవేశం చాలా సులభం. హాంకాంగ్‌లో ఇది సాధించిన విజయం చూసే షా బ్రదర్స్ సంస్థ తన సొంత హువాంగ్‌మెయి చిత్రాలు మొదలుపెట్టింది. దర్శకుడు లీ హాన్‌షియాంగ్ తీసిన 'ల్యాంగ్ షాన్‌బో, జు యింగ్‌తాయి' (1963) ఆ ఒరవడికి శిఖరం. ఒక నాటక నటుడు బాధ్యతగా చేసిన పని, సముద్రం అవతల పదేళ్లపాటు ఒక చిత్రజాతినే నడిపించింది.

1957 మొదట్లో కాస్త వెలుతురు వచ్చింది. విమర్శలు చెప్పమని పార్టీయే పిలుపునిచ్చిన రోజులవి. కొత్త చైనాలో 1949 నుంచి 1955 వరకు వచ్చిన చిత్రాలకు సాంస్కృతిక మంత్రిత్వ శాఖ పురస్కారాలు ప్రకటిస్తే, 'నా ఈ బతుకు'కు రెండో బహుమతి దక్కింది. షి హుయి స్వయంగా రాసి తీసిన 'వూహాయి యెహాంగ్' (పొగమంచు సముద్రంలో రాత్రి ప్రయాణం) ఆ ఏడాదే పూర్తయింది. పొగమంచులో ప్రమాదానికి గురైన ప్రయాణికుల నౌక, అందులోని రకరకాల మనుషులు దాని విషయం. జూన్ నుంచి గాలి పూర్తిగా మారిపోయింది. విమర్శించిన వాళ్లను 'మితవాదులు'గా ముద్రవేసి శిక్షించే మితవాదుల వ్యతిరేక ఉద్యమం మొదలైంది. ఆ సినిమానూ, దాని దర్శకుడినీ ముద్దాయిలుగా నిలబెట్టారు. నవంబరులో షాంఘై సినీరంగం సభలు పెట్టి, ఏళ్ల తరబడి కలిసి పనిచేసిన వాళ్లచేతే ఆయన మీద నిందలు చదివించింది. సభల తర్వాత ఆయన షాంఘై నుంచి నింగ్‌బో వెళ్లే 'మింజు-3' నౌక ఎక్కారు. మళ్లీ ఎవరికీ కనిపించలేదు. చాలా నెలల తర్వాతే శవం దొరికింది. వయసు నలభై రెండు. భార్య, పెకింగ్ ఒపెరా కళాకారిణి తోంగ్ బావోలింగ్‌తో కాపురం అప్పటికి కొన్నేళ్లదే. మీరు వెతికిన పేరు 1957 తర్వాత లేకపోవడానికి కారణం ఇది. ఆయన మీద వేసిన 'మితవాది' ముద్రను 1979లో తొలగించారు, నటన గురించి ఆయన రాసిన వ్యాసాలు 1982లో పుస్తకంగా వచ్చాయి.

చూసే క్రమం అడిగారు. 'నకిలీ జంట'తో మొదలుపెట్టండి, తేలికగా లోపలికి తీసుకెళుతుంది. రెండోది 'నడివయసు సుఖదుఃఖాలు'. మూడోది 'నా ఈ బతుకు', దీన్ని ఫోనులో కాకుండా కాస్త పెద్ద తెర మీద, మధ్యలో ఆపకుండా చూడండి. ఆ తర్వాతే 'గువాన్' చూస్తే, ఒకే నటుడు పోలీసు నుంచి సైనికుడికి ఏం మార్చాడో, ఏం మార్చలేదో తెలుస్తుంది. 'ఈకల ఉత్తరం' పిల్లలతో కలిసి చూడవచ్చు. 'దేవకన్య పెళ్లి'కి పాటల పదాలు అర్థమయ్యే ఉపశీర్షికలు తప్పనిసరి, అవి లేని ప్రతితో చూడకండి. అది చూసిన వెంటనే 1963 నాటి హాంకాంగ్ చిత్రం పెట్టుకుంటే, షి హుయి కనిపెట్టిన పరిష్కారాల్లో లీ హాన్‌షియాంగ్ ఏవి తీసుకున్నాడో, రంగుల్లో వాటిని ఎక్కడికి తీసుకెళ్లాడో మీకే దొరుకుతుంది.